వేపమండల లెక్క

సూది లేని డాక్టరు

పేరు ముందు డాక్టరు అని ఉండటం వల్ల నేను పడిన తిప్పలు అన్నీ ఇన్నీ కావు. తిరుచానూరులో నాకు పూలు కట్టిచ్చే ఆమె కనిపించినప్పుడల్లా మోకాలు చాపి చూపించేది. రేణిగుంట స్టేషన్లో ఒక టికెట్ కలెక్టరు గుండెదడకు మాత్ర రాసివ్వమని పట్టుకున్నాడు. "నేను ఆ డాక్టర్ని కాదు నాయనా, లెక్కల డాక్టర్ని" అన్నాను. "లెక్కలకు గూడా రోగాలొస్తాయా తల్లీ?" అని అడిగాడు పాపం. లెక్కలకు రోగాలు రావు గానీ రోగాలకు లెక్కలుంటాయి. ఒక ఊళ్ళో జబ్బు మొదలైతే ఎంత వేగంగా పాకుతుంది, ఎప్పుడు తిరుగుముఖం పడుతుంది, ఏం చేస్తే తొందరగా పడుతుంది అని లెక్కగట్టడం నా ఉద్యోగం. తిరుపతిలో విశ్వవిద్యాలయం గణాంక శాఖలో కూర్చుని నా సర్వీసంతా అదే చేశాను.

ఈ పనిలోకి కొత్తగా వచ్చే పిల్లలు అప్పుడప్పుడూ మా ఇంటికి వస్తుంటారు. కంప్యూటర్ లేకుండా ఎట్లా చేశారు మేడమ్ అని జాలిపడతారు. జాలి నాకేం వద్దు, మీ దగ్గరే పెట్టుకోండి. నాకు ఏ ఏడు ఏ హోదా వచ్చిందో కూడా ఇక్కడ రాయబోవడం లేదు. అవి సర్వీసు రిజిస్టర్లో ఉన్నాయి, చెదపురుగులు తీరిగ్గా చదువుకుంటాయి. నేను రాసేది నా జీవితంలోకెల్లా పెద్ద తప్పు గురించి. దాన్ని దిద్దుకున్నాను. దిద్దుకున్నందుకు ఇప్పటికీ గర్వమే, అణకువ నటించడం నాకు చేతకాదు.

మాది స్వామి సేవలో ఉన్న వైష్ణవ కుటుంబం. నాయన చీకటితోనే లేచి స్నానం చేసి గుడికి పారాయణానికి వెళ్ళేవారు. ఇంటినిండా మడి. అటువంటి ఇంట్లో ఆడపిల్ల ఎమ్మెస్సీ చదవడమే ఎక్కువ అనుకుంటే, నేను రోగాల మీద పరిశోధన చేస్తానన్నాను. "ఊళ్ళో మైల అంతా నీకే కావలసి వచ్చిందా వకుళా?" అని మా బామ్మ నెత్తి కొట్టుకుంది. నాయన మాత్రం, "మైల ఎట్లా పాకుతుందో తెలిస్తే మడి ఎట్లా కట్టుకోవాలో కూడా తెలుస్తుంది, చదువుకోనీ" అన్నారు. ఆయనకు నా శాస్త్రం ఒక్క ముక్క తెలియదు, అయినా అంత చక్కగా దాన్ని మరెవ్వరూ చెప్పలేదు.

వాకిలి చూడమన్న మనిషి

మా లెక్క చాలా సులువు. ఒక ఊళ్ళో పిల్లలకు తట్టు వచ్చిందనుకోండి. ఒళ్ళంతా ఎర్రటి పొక్కులు, జ్వరం, దగ్గు, కళ్ళకలక. ఆ ఊరి పిల్లలందరినీ మనసులోనే మూడు గదుల్లో కూర్చోబెడతాం. ఇంకా తట్టు రానివాళ్ళు మొదటి గదిలో, ఇప్పుడు తట్టుతో ఉన్నవాళ్ళు రెండో గదిలో, వచ్చి పోయినవాళ్ళు మూడో గదిలో. ఒక గదిలోంచి ఇంకో గదిలోకి వారానికి ఎందరు మారుతున్నారో తెలిస్తే చాలు, వచ్చే నెల సంగతి ఇప్పుడే చెప్పవచ్చు. మా శాస్త్రంలో ఈ గదులను కంపార్ట్‌మెంట్లు అంటారు. కొండ మీద దర్శనానికి పోయి కంపార్ట్‌మెంటులో కూర్చుని, తలుపు ఎప్పుడు తీస్తారా అని మెడలు చాచి చూసిన మన జనానికి ఆ మాట వేరే వివరించాలా!

అయితే లెక్కకు ముందు తలలు కావాలి. డెబ్బైల చివర్లో నేను ఆసుపత్రి రిజిస్టర్లు తిరగేస్తే తట్టు అన్న చోట దాదాపు ఖాళీ. జబ్బు లేక కాదు. మనవాళ్ళు దాన్ని జబ్బు అనుకుంటే కదా? అమ్మవారు ఇంటికి వచ్చింది అంటారు. ఇంటికి వచ్చిన అమ్మవారిని చీటీ రాయించి ఆసుపత్రి వరసలో ఎవరు నిలబెడతారు? సరే, ఇంటింటికీ పోయి అడుగుదామని నగరి వెళ్ళాను. మగ్గాల ఊరు. ఏ వీధిలో నిలబడ్డా టకటకమని చప్పుడు. "మీ పిల్లలకు తట్టు ఉందా?" అంటే ప్రతి ఇంట్లోనూ ఒకటే జవాబు, "మా ఇంట్లో అట్లాంటివేం లేవు పోమ్మా."

నాలుగో వీధిలో అరుగు మీద కండెలు చుడుతున్న ఒకామె నన్ను కేకేసి పిలిచింది. పేరు మునిరత్నమ్మ. భర్త పోయాడు, కూతురూ అల్లుడూ మగ్గం మీద ఉంటే ఈమె వాళ్ళకు రాట్నం మీద నూలు చుట్టి ఇచ్చేది.

"పొద్దన్నించి సూస్తా ఉండా, ఇల్లిల్లూ తిరగతా ఉండావు. ఏం కావాల్నమ్మా నీకు?"

చెప్పాను. ఆమె రాట్నం ఆపి నవ్వింది. "అమ్మ వచ్చిన ఇంట్లో ఆ మాట నోటితో అంటారా యాడన్నా? నోటిని అడగొద్దు, వాకిలి సూడు. యాపమండ కట్టుంటే అమ్మ ఉండాది. మండ దించేసినారంటే ఎల్లిపోయింది. నీకు సదువుండాది గానీ సూపు లేదు మే!"

అంతసేపూ నేను తలవంచుకుని ఆ వేపమండల కిందనుంచే ఇళ్ళలోకి పోయి వచ్చాను. సిగ్గుతో చచ్చిపోయాను. ఆమె పక్కన ఆ అరుగు మీదే కూర్చుని మంచినీళ్ళు అడిగి తాగాను.

ఆ రోజునుంచి మునిరత్నమ్మ నా కళ్ళు. ప్రతి శనివారం ఆమె నాలుగు వీధులూ నడిచి, కొత్తగా మండ కట్టిన ఇంటికల్లా ఒక ముడి చొప్పున నూలుపోగుకు వేసేది. చదువు రాదు గదా! పెద్ద వీధికి ఎర్ర పోగు, గుడి వీధికి పసుపు, మిగతా రెంటికీ నీలం, తెలుపు. తెగిన పోగులు మగ్గాల ఇంట్లో కొదవా? వాటిని కవర్లో పెట్టి, పోస్ట్‌మాన్‌తో నా అడ్రసు రాయించి పంపేది. ప్రతి సోమవారం నా బల్ల మీద రంగుల దారాలు. "వకుళమ్మ గారు చీర నేయిస్తున్నట్టున్నారు" అని మా వాళ్ళు ఎకసెక్కాలాడేవారు. ఆ ముడులను గ్రాఫు కాగితం మీద చుక్కలుగా పెడితే వచ్చిన గీత, నేను సమీకరణంతో గీసిన గీత మీద అచ్చుగుద్దినట్టు కూర్చుంది. నా జన్మలో అంతటి ఆనందం మళ్ళీ కలగలేదు. పిల్లలూ, మీకు లెక్కలు ఎవరైనా నేర్పుతారు. తలలు ఎక్కడ దొరుకుతాయో చెప్పే మనిషిని మీరే వెతుక్కోవాలి.

టీవీ అమ్మ

ఎనభైల నడుమ మా వైపు తెలుగు టీవీ వచ్చింది. వీధికొక్క పెట్టె ఉంటే గొప్ప. నగరివాళ్ళు అప్పటిదాకా యాంటెనా మద్రాసు వైపు తిప్పుకుని అరవ పాటలు చూసేవారు. తెలుగు బొమ్మ కావాలంటే మిద్దెమీదికి ఎక్కి యాంటెనాను తిరుపతి కొండ వైపు తిప్పాలి, కింద ఒకడు నిలబడి "వచ్చింది, వచ్చింది, పోయింది" అని అరుస్తుండాలి.

హైదరాబాదు టీవీ కేంద్రంలో మూర్తి గారని ఒక ప్రొడ్యూసరు ఉండేవారు. గురువారం సాయంత్రాల్లో ఆరోగ్యం మీద కార్యక్రమం చేసేవారు. అంటువ్యాధుల మీద మాట్లాడటానికి నన్ను పిలిచారు. నేను సమీకరణాలు రాసిన చార్టులు చుట్టుకుని వెళ్ళాను. ఆయన వాటిని విప్పను కూడా విప్పలేదు. "అమ్మా, ఇందులో ఒక్క అక్షరం తెర మీద కనిపించిందా, రాష్ట్రమంతా ఒకేసారి లేచి అన్నానికి పోతుంది. నోటితో చెప్పండి" అన్నారు. సరేనని దర్శనం క్యూ, మూడు కంపార్ట్‌మెంట్లు, మధ్యలో తలుపు, ఇవే చెప్పాను. జనానికి తెగ నచ్చింది. ఉత్తరాలు సంచుల్లో వచ్చాయి. బస్సులో లేచి సీటు ఇచ్చారు. తిరుపతిలో నా పేరు టీవీ అమ్మ అయిపోయింది. అబ్బో, నా కాళ్ళు నేలమీద నిలిస్తే ఒట్టు!

గర్వం తలకెక్కినప్పుడు మనిషి పక్కవాడి విషయంలో వేలు పెడతాడు. రెండోసారి పిలిచినప్పుడు మూఢనమ్మకాల మీద మాట్లాడమన్నారు. నేను కెమెరా వైపు వేలు చూపించి మరీ చెప్పాను. "వాకిట్లో వేపమండ కడితే తట్టు పోతుందా? ఇరవయ్యో శతాబ్దంలో ఉన్నాం. ఆ మండలు పీకి అవతల పారేయండి." స్టూడియోలో చప్పట్లు కొట్టారు. ఏ మండలు లెక్కపెట్టి నేను డాక్టరునయ్యానో ఆ మండలనే పీకేయమంటున్నానని ఆ క్షణం తట్టనే లేదు.

తగ్గిన ముడులు

తర్వాత రెండు మూడు వారాలకు నగరి దారాల మీద ముడులు తగ్గాయి. ఎర్ర పోగు మీద ఒక్కటి. నీలం పోగు బోసిగా వచ్చింది. ఎండాకాలం, తట్టు ఉధృతంగా ఉండాల్సిన రోజులు. మా శాఖాధిపతి చెంగల్రాయులు గారు సంతోషించారు. గట్టి గణితం మనిషి, నేనంటే అభిమానం. ఆయనకు రెండే భయాలు, ఢిల్లీ నుంచి వచ్చే ఉత్తరం ఒకటి, పేపర్లో వచ్చే విమర్శ ఒకటి. "టీవీ ప్రభావం అని వ్యాసం రాయమ్మా" అన్నారు. నేను మొదటి పేజీ రాసేశాను కూడా.

కానీ నా గీత ఒప్పుకోలేదు. దాని ప్రకారం మొదటి గదిలో ఇంకా బోలెడుమంది పిల్లలున్నారు. అంతమంది ఉండగా జబ్బు దానంతటది ఎందుకు ఆగుతుంది? లెక్క మీకు నచ్చని జవాబు చెబితే మీరు పది సార్లు సరిచూస్తారు. నచ్చిన జవాబు చెప్పినప్పుడు ఇరవై సార్లు చూడండి. నేను కాగితాలు మూసి నగరి బస్సెక్కాను.

మునిరత్నమ్మ అరుగు ఖాళీగా ఉంది. రాట్నం మూలకు నెట్టి ఉంది. లోపల ఆమె మూడేళ్ళ మనవరాలు చిట్టి చాప మీద పడి ఉంది. ఒళ్ళంతా తట్టు, మూసుకుపోయిన కళ్ళు. శ్వాస తీస్తుంటే డొక్కలు లోపలికి పోతున్నాయి. ఆ గుమ్మానికి మాత్రం వేపమండ కట్టి ఉంది.

"వీధిలో తట్టు లేదు గదా, ఈ బిడ్డకు ఎక్కడినుంచి వచ్చింది?" అన్నాను.

"లేదని ఎవురు సెప్పినారు? అయిదిండ్లలో నాలుగిండ్లకు అమ్మ ఉండాది. మండలే లేవు. నువ్వే గదమ్మా పీకెయ్యమన్యావు, పీకేసినారు. నువ్వు మండను లెక్కబెట్టమన్యావు, నేను మండనే లెక్కబెడితి."

ఆమె ఆపలేదు. "ఆ మూల ఇంట్లో టీవీ ఉండాది గదా. ఆళ్ళ పిల్లోనికి అమ్మ పోసింది. టీవీ ఉండే ఇల్లు, మండ కడితే నలుగురూ నవ్వతారని కట్టలా. ముందైతే మండ సూస్తానే పిల్లోళ్ళు ఆ గడప తొక్కరు. రెండు వారాలకు ముందర గురవారం వీధిలో పిల్లోళ్ళంతా ఆడే కూసున్యారు. ఇది గూడా పొయ్యింది, అవ్వ కాడికొచ్చే అమ్మ టీవీలో వస్తాదేమో సూస్తానని."

నన్ను చూడటానికి పోయి తెచ్చుకుంది.

వేపమండ మందు కాదు, నిజమే. కానీ అది బోర్డు. చదువు రానివాళ్ళకు కూడా చదవడానికి వచ్చే బోర్డు. మండ కట్టిన ఇంటికి చుట్టాలు రారు, పేరంటం పిలవరు, బిచ్చగాడు కూడా ముందుకు పోతాడు, ఇంటి పిల్లలను బయటికి పంపరు. మొదటి గదికీ రెండో గదికీ నడుమ తలుపు అని నేను స్టూడియోలో గొప్పగా చెప్పిన ఆ తలుపు అదే. దాన్ని నేనే ఊడబీకాను.

చిట్టిని భుజాన వేసుకుని బస్సులో తిరుపతి పెద్దాసుపత్రికి తెచ్చాం. నిమ్ము చేరిందన్నారు డాక్టర్లు. నాలుగు రోజులు ఏమీ చెప్పలేమన్నారు. నేను మంచం పక్క నిలబడి ఏడుస్తుంటే మునిరత్నమ్మ నా చెయ్యి పట్టుకుని వరండాలోకి లాక్కొచ్చింది.

"ఏడిస్తే ఏమొస్తాది? ఈ బిడ్డను డాక్టర్లు సూసుకుంటారు. ఇంకో నెల లేదు, గంగజాతర. ఊరి పిల్లోళ్ళందురూ ఒకే కాడ సేరతారు. ఇప్పుటికి నాలుగు వీదులు. జాతర దాటితే సుట్టూ ఊర్లన్నీ ఇట్లే పడుకుంటాయి. మండలు నీ నోటితో దిగినాయి, నీ నోటితోనే ఎక్కాల. పో."

చెంగల్రాయులు గారి గదిలో

నేరుగా చెంగల్రాయులు గారి గదికి వెళ్ళాను. వచ్చే గురువారం కార్యక్రమంలో నాకు పది నిమిషాలు కావాలి, వేపమండ కట్టమని చెప్పాలి, మీరు ఒక మాట రాసివ్వండి అన్నాను. ఆయన కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు.

"ఏమ్మా వకుళా, మతి ఉండే మాట్లాడతా ఉండావా? సైన్సు మనిషి టీవీలో కూర్చోని యాపాకు కట్టమంటుందా? రేపు పేపరోడు ఏమి రాస్తాడు? మన డిపార్ట్‌మెంట్ మొగం మీద నవ్వుతారు."

"నవ్వనివ్వండి సార్."

"తప్పు ఉంటే జర్నల్లో సవరణ వేద్దాం. పద్ధతి ఉండాది కదా."

"ఆ జర్నలు నగరిలో ఎవరింటికి వస్తుంది సార్?" అన్నాను. గొంతు పెరిగింది. పెద్దాయన మీద అరిచాను, బయట టైపిస్టు చెయ్యి ఆగిపోయింది.

"పోతే నీ ఇష్టం. నా సంతకం మాత్రం అడగొద్దు" అన్నారు ఆయన.

ఆయన చెడ్డవారు కారు. పేరు నిలబెట్టడం కూడా ఒక పనే, అది ఎవరో ఒకరు చెయ్యాలి. కానీ పిల్లలూ, ఇది రాసి పెట్టుకోండి. తప్పు ఏ గొంతుతో చెప్పారో ఆ గొంతుతోనే, ఏ తెర మీద చెప్పారో ఆ తెర మీదే, ఏ వేళకు చెప్పారో ఆ వేళకే ఒప్పు చెప్పాలి. మిగతావన్నీ సాకులు. నేను సంతకం లేకుండానే హైదరాబాదు రైలెక్కాను.

స్టేషన్ నుంచి నేరుగా మూర్తి గారి దగ్గరకు పోయి జరిగింది చెప్పాను. గురువారం కార్యక్రమం ప్రత్యక్ష ప్రసారం, ముందుగా రికార్డు చేసి కత్తిరించే వీలు లేదు. "మీ పైవాళ్ళ అనుమతి ఉందా?" అన్నారు. లేదన్నాను. "అయితే నేను కూడా నా పైవాళ్ళను అడగను" అన్నారు. తర్వాత ఆయనే బయటికి పోయి, ఆవరణలో ఉన్న చెట్టునుంచి నిండు వేపమండ ఒకటి విరిచి తెచ్చారు. దాన్ని నా బల్ల ముందు కట్టించాను. లైట్ల వేడికి స్టూడియో అంతా చేదు వాసన.

ఎర్ర దీపం వెలిగింది. నా మాటలు నాకింకా గుర్తున్నాయి. "పోయినసారి ఈ కుర్చీలో కూర్చుని మీకు తప్పు చెప్పాను. వేపమండ పీకేయమన్నాను. మండ తట్టును తగ్గించదు, ఆ మాట ఇప్పటికీ అంటాను. కానీ అది మీ గుమ్మానికి గొళ్ళెం. లోపల బిడ్డకు బాగాలేదు, లోపలికి రావద్దు అని ఊరికి చెబుతుంది. మీ పెద్దవాళ్ళకు ఆ సంగతి తెలుసు, నాకు తెలియలేదు. దయచేసి మళ్ళీ కట్టండి. సిగ్గుపడాల్సింది మీరు కాదు, నేను. మండ కట్టిన ఇంట్లో మిగతా పిల్లలను కూడా బయటికి పంపకండి, పొక్కులు పైకి రాకముందే తట్టు అంటుకుంటుంది. అమ్మవారు వచ్చిందని ఊరుకోకుండా ఆ బిడ్డను డాక్టరుకు చూపించండి. తట్టుకు కొత్తగా టీకా వచ్చింది. మండ ఉంటే మందు, మండ లేకుంటే టీకా. టీవీ ఉన్న ఇళ్ళవాళ్ళకు ఒక మనవి. పెట్టెను అరుగు మీదికి తెచ్చి పెట్టండి, పిల్లలు వీధిలో దూరదూరంగా కూర్చుని చూస్తారు."

చప్పట్లు లేవు. కెమెరా తిప్పే అబ్బాయి మాత్రం దీపం ఆరగానే వచ్చి, "మా చెల్లికి టీకా ఎక్కడేస్తారు మేడమ్?" అని అడిగాడు.

లావుపాటి కవరు

తిరుపతికి వచ్చేసరికి చిట్టి ఇంకా ఆసుపత్రిలోనే ఉంది. జ్వరం దిగింది, ఎగశ్వాస మాత్రం తగ్గలేదు. మునిరత్నమ్మ కూతుర్ని బిడ్డ దగ్గర కూర్చోబెట్టి, తాను శనివారం నగరి పోయి నాలుగు వీధులూ తిరిగింది. సోమవారం వచ్చిన కవరు చూసి చెంగల్రాయులు గారే నా గదికి వచ్చారు. పొట్ట ఉబ్బిన కవరు. ఎర్ర పోగు మీద ముడి మీద ముడి, వేలు పెట్టడానికి సందు లేదు. పసుపు పోగు చాలక ఇంకో పోగు ముడేసింది.

"సూసినావా? నువ్వు మాట్లాడినాక జబ్బు పెరిగింది" అన్నారు ఆయన, ముఖం వాడిపోయి.

నేను పకపకా నవ్వాను. "పెరగలేదు సార్. కనిపించింది. గొళ్ళేలు పడ్డాయి సార్, వీధి వీధంతా గొళ్ళేలు పడ్డాయి!" దారాలన్నీ బల్ల మీద పరిచి, నా గీత పక్కన చుక్కలు పెట్టి చూపించాను. ఈసారి చుక్కలు ఆ మొండి గీతకు దగ్గరగా వచ్చాయి. ఆయన కుర్చీ లాక్కుని కూర్చుని, నా పెన్సిలు తీసుకుని, తన చేత్తో మిగతా చుక్కలు పెట్టారు. లేచేటప్పుడు, "టీకాలవాళ్ళకు ఉత్తరం నేను రాస్తా. సంతకం గూడా పెడతాలే" అన్నారు. ఆ ఒక్క మాటకు నేను అరిచిన అరుపులన్నీ ఆయన మన్నించినట్టే.

జిల్లా నుంచి టీకాల జీపు నగరికి వచ్చింది. వాళ్ళకు చిట్టా అక్కర్లేకపోయింది. మండ ఉన్న గుమ్మం దగ్గర డాక్టరు దిగాడు, మండ లేని గుమ్మం దగ్గర సూది దిగింది. ఊళ్ళో దండోరా వేసేవాడు నా వాక్యాన్ని తనదిగా చేసుకుని, "మండుంటే మందు, మండ లేకుంటే టీకా" అని తప్పెట మీద దరువేసి తిరిగాడు. జాతర పెద్దలు కూర్చుని, మండ దించని ఇంటి బిడ్డలు ఈ ఏడు అమ్మ ముందుకు రావద్దు, అమ్మే ఆ ఇంటికి పోయి ఉండాది అని తీర్పు చెప్పారు. అంత చక్కటి వాక్యం నాకు స్టూడియోలో తట్టలేదే అని కుళ్ళుకున్నాను.

మరుసటి వారం ముడులు తగ్గాయి. ఆ పై వారం ఇంకా తగ్గాయి. ఈసారి నేను నమ్మలేదు, బస్సెక్కి పోయి నాలుగు వీధులూ కాళ్ళారా తిరిగాను, ప్రతి గుమ్మం చూశాను. నిజంగానే తగ్గింది. చుట్టుపక్కల ఊళ్ళకు పాకలేదు. గెలిచాం!

జాతర రోజు

జాతరకు నన్ను రమ్మని మునిరత్నమ్మ కబురు పెట్టింది. నాయన కూడా, "పోయి రా, ఆ అమ్మవారు స్వామికి చెల్లెలే" అన్నారు. ఊరంతా డప్పులు, అంబలి కడవలు, వేషాలు. నన్ను చూసి జనం గుమిగూడారు. టీవీ అమ్మ అంటారేమోనని చీర సర్దుకున్నాను. మునిరత్నమ్మ మాత్రం అందరికీ వినబడేలా, "ఇదో, టీవీలో తప్పు ఒప్పుకున్యదే, ఆ యమ్మ ఈమే!" అని పరిచయం చేసింది. ఒక ముసలామె ముందుకు వచ్చి నా గడ్డం పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసింది. "ఆ పెట్టిలో అందురూ సెప్పేవోళ్ళే. తప్పు సెప్తిని అన్నదాన్ని నిన్నే సూసినా" అంది. నాకు తర్వాత వచ్చిన శాలువాలు ఏ పెట్టెలో ఉన్నాయో తెలియదు.

అంతలో చెవి పక్కన పెద్ద మోత. ఉలిక్కిపడి చూస్తే చిట్టి. వాళ్ళ నాన్న భుజాల మీద కూర్చుని ఉంది, గుండు గీయించారు, చేతిలో తిరునాళ్ళలో అమ్మే రేకు బూర. నెలనాడు గుక్క తిప్పుకోలేని పిల్ల ఊపిరంతా బిగబట్టి, బుగ్గలు పూరించి, నా చెవిలో ఇంకోసారి ఊదింది. డప్పులవాళ్ళు కూడా తిరిగి చూశారు. మళ్ళీ ఊదింది. వాళ్ళ అమ్మ బూర లాక్కోబోయింది.

"ఊదనీ మే!" అని గట్టిగా కసిరింది మునిరత్నమ్మ, కళ్ళు తుడుచుకుంటూ. "ఊదనీ. ఎంతసేపు ఊదతాదో ఊదనీ."

ఆ సాయంత్రమంతా ఊదింది. ఎవ్వరమూ ఆపమనలేదు.